మెడకు చుట్టుకున్న మిషను

నా మెడ మీద ఎర్రగా ఒక చార ఉంది. ఇంట్లో అడిగితే దోమ కుట్టిందన్నాను. అంత పొడుగ్గానా అంది మా ఆవిడ. గుంటూరు దోమ కదా అన్నాను.

మాది బ్రాడీపేటలో ఆడిటర్ల ఆఫీసు. లెక్కల పుస్తకాలు ఎనిమిదేళ్లు దాచమంటుంది కంపెనీల చట్టం. తొమ్మిదో ఏడు వాటినేం చేసుకోవాలో మాత్రం చెప్పదు. పూర్వం తూకానికి అమ్మేవాళ్లం. ఒక క్లయింటు అరండల్‌పేటలో మిరపకాయ బజ్జీ తింటూ నూనె కాగితం తిప్పి చూసుకుంటే, అది ఆయన బ్యాలెన్స్ షీటే. ఆ దెబ్బకు కాగితాలను సన్నగా తరిగేసే పేపర్ ష్రెడ్డర్ కొన్నారు.

దీనికి ఒకేసారి 12 కాగితాలు పెట్టొచ్చని పెట్టె మీద రాసి ఉంది. మా మేనేజరు గారు గుప్పెడు పెడతారు, స్టేప్లర్ పిన్నులతో సహా. అది మూలిగి ఆగిపోతే నన్ను పిలుస్తారు. నేనెప్పుడో ప్రింటర్‌కి టోనర్ మార్చడం ఆయన చూశారు మరి.

నిన్నటి జబ్బు వేరు. కాగితం పెట్టకపోయినా మిషను ఆగకుండా తిరుగుతోంది. ఇది నాకు తెలుసు. దాని నోట్లో చిన్న కన్నులాంటి సెన్సర్ ఉంటుంది. కాగితం దానికి అడ్డొస్తే మోటారు మొదలవుతుంది. కాగితం పొట్టు పేరుకుపోతే అదీ కాగితమే అనుకుంటుంది. దూదిపుల్లకి స్పిరిట్ అద్ది తుడిస్తే సరిపోతుంది, కానీ ముందు ప్లగ్గు పీకాలి. ప్లగ్గేమో బీరువా వెనకాల. "అయిదు నిమిషాల పనికి బీరువా జరపడం ఎందుకయ్యా" అన్నారు మేనేజరు గారు. మిషను వెనకున్న స్విచ్చే ఆపి శుభ్రంగా తుడిచాను. స్విచ్ వేశాను. చప్పుడు లేదు. నిజంగానే బాగుపడిందా అని వంగి చూశాను.

బాగుపడింది. ఎంత బాగుపడిందంటే, నా మెడలో వేలాడే ఐడీ కార్డు సెన్సర్‌కి అడ్డురాగానే ఠక్కున మొదలైంది.

ఈ కార్డు గురించి చెప్పాలి. మా బ్రాంచిలో ఉండేది ఆరుగురం. ఎవరికెంత షుగరుందో కూడా అందరికీ తెలుసు. అయినా ట్యాగు వేసుకు తీరాలని హైదరాబాద్ హెడ్డాఫీసు ఆర్డరు. మంచి ట్యాగులకు మెడ వెనక ఒక క్లిప్పు ఉంటుంది, గట్టిగా లాగితే ఊడొస్తుంది. ఆ క్లిప్పు దగ్గర హెడ్డాఫీసు వాళ్లు పొదుపు చేశారు.

కార్డు వెళ్లింది. నా ఫొటో వెళ్లింది. కొక్కెం వెళ్లి బ్లేళ్ల మధ్య ఇరుక్కుంది, దాని చుట్టూ పట్టీ మెలికపడింది, ఎర్ర లైటు వెలిగింది, మోటారు ఆగింది. అప్పటికి నేను మోకాళ్ల మీద ఉన్నాను. నా గడ్డానికీ మిషను నోటికీ మధ్య జానెడు దూరం. బయట మిగిలిన పట్టీ మెడకు సరిపోతుంది, తల మాత్రం దూరదు.

రివర్స్ బటన్ నొక్కాను. పలకలేదు. ఇందాక ఊరికే తిరిగి తిరిగి మోటారు వేడెక్కిపోయింది, చల్లారేదాకా దేనికీ కదలదు. 3 నిమిషాలు పనిచేస్తే 30 నిమిషాలు విశ్రాంతి ఇవ్వాలని మాన్యువల్‌లో ఉంది. ఇలాంటి డ్యూటీ టైమింగ్స్ నేనడిగితే మేనేజరు గారు నవ్వారు.

అటెండర్ బాబాయ్ కత్తెర తెచ్చాడు. "ఆగాగు! ట్యాగు కత్తిరిస్తే రెండొందలు ఫైను. హెడ్డాఫీసుకి మెయిలు పెడతాను, అప్రూవల్ రానీ" అని మేనేజరు గారు కుర్చీలోంచే అరిచారు. కత్తెర వెనక్కి పోయింది. బాబాయ్ ఈసారి తుప్పు వదిలించే స్ప్రే తెచ్చాడు. మోటారు నిప్పురవ్వకి ఆ గ్యాసు అంటుకుంటే ముందు కాలేది నా మీసమే. "వద్దు బాబాయ్, దీనికి వాడేది వంటనూనె లాంటిదే" అన్నాను. పప్పునూనె కోసం కిందికి పరిగెత్తాడు.

ఈలోపు కంపెనీ టోల్‌ఫ్రీకి చేశాను.

"సీరియల్ నంబర్ చెప్పండి సార్."

"మిషను అడుగున ఉందమ్మా."

"ఒకసారి పడుకోబెట్టి చూడండి సార్."

"దాంతోపాటు నేనూ పడుకోవాలమ్మా."

కాసేపు నిశ్శబ్దం. "టై దూరంగా ఉంచమని మూత మీద బొమ్మ ఉంటుంది, చూశారా సార్?"

చూశాను. అంతకుమించి చూడ్డానికి నాకేమీ లేదు. టై బొమ్మ గీసి కొట్టేశారు. పక్కన జడ, గొలుసు, చెయ్యి. ట్యాగు లేదు. ఆ మాటే చెప్పాను. "మీ సూచన నోట్ చేసుకున్నాం సార్, ఇంకేమైనా సహాయం కావాలా?" అంది.

సరిగ్గా అప్పుడే మిర్చియార్డు నుంచి ఒక షావుకారు గారు కాగితం ఊపుకుంటూ వచ్చారు. ఇన్‌కంట్యాక్స్ నోటీసట. నా కోసం గది అంతా వెతికి, చివరికి కిందికి చూశారు. ఏమీ అడగలేదు, పెద్దమనిషి. ఆ కాగితాన్ని నా ముక్కు ముందు పట్టుకుని నిలబడ్డారు.

"ఇది 143(1) అండీ. రిటర్ను చూసి లెక్క సరిపోయిందో లేదో చెప్పడం, అంతే. మీది సరిపోయింది. మీరేం టెన్షన్ పడకండి."

"నాకేం టెన్షన్ లేదు బాబూ" అన్నారాయన, నా మెడ వంకే చూస్తూ.

ఆయన వెళ్లాక పచ్చ లైటు వెలిగింది. బటన్ మీద వేలు పెట్టాను, కరెంటు పోయింది. ఇన్వర్టర్ ఉంది గానీ అది మేనేజరు గారి ఫ్యానుకి మాత్రమే. నూనెగిన్నెతో వచ్చిన బాబాయ్ ఆయన వైపు, నా వైపు చూసి, గిన్నె కింద పెట్టి, ఒక్క మాటా అనకుండా ట్యాగు కత్తిరించేశాడు.

ఈ రోజు హెడ్డాఫీసు నుంచి ఫారం వచ్చింది. కొత్త కార్డు కావాలంటే పాత కార్డు జతపరచాలట. బాబాయ్ డబ్బా బోర్లించుకుని పొద్దుట్నుంచీ వెతుకుతున్నాడు. ఇప్పటిదాకా ఒక చెవి దొరికింది.