తిరుపతి కాపురస్తులు: క్షేమసమాచారాల కొరత, నివారణ

తిరుపతిలో ఇల్లున్న మనిషికి ఒంటరితనం అంటే పక్క జిల్లావాడు కూడా నమ్మడు. రోజూ ఫోను మోగుతుంది గదా అంటాడు. మోగుతుంది. ఒంటరితనాన్ని కొలవడానికి అమెరికాలో 1978లో 20 అంశాల పట్టిక తయారుచేశారు. తిరుపతి బైరాగిపట్టెడలో అంత కాగితం దండగ, ఒక్క ప్రశ్న చాలు: పోయిన నెల దర్శనం మాటెత్తకుండా పెట్టేసిన ఫోన్లెన్ని?

బంధువు ఫోను "ఎట్లుండావు మామా?" అని మొదలవుతుంది. దానికి జవాబు చెప్పబోవడమే కొత్తవాళ్లు చేసే తప్పు. మోకాలి నొప్పి "మో" దగ్గర ఉండగానే "అదే మామా, మూడొందల టికెట్లు ఆరు కావాల" అని వచ్చేస్తుంది. అవి నెలల ముందే ఆన్‌లైన్‌లో పెడతారనీ, పెట్టిన కాసేపటికే అయిపోతాయనీ అడిగేవాళ్లకూ తెలుసు. "నువ్వు లోకల్ గదా!" లేవంటే బంధుత్వం అక్కడికి సరి. ఉన్నాయన్నా అంతే, పనైపోయింది గనక. తలపండినవాళ్లు వాడే మాట "చూస్తా". దీంతో కనీసం మూడు ఫోన్లు గ్యారంటీ. ఎమ్మెల్యే లెటరు ప్రస్తావన కలిపితే ఐదు. అంతకు మించి సాగదీయరాదు, చంద్రగిరిలో ఇంకో చుట్టం దొరికేస్తాడు.

ఆత్మీయతకు మాత్రం లోటు లేదు. పేరు, వయసు, ఆధార్ నంబరు అన్నీ మన వాట్సాప్‌లోనే. చిన్నకోడలి అసలు వయసు ఆమె మొగుడికన్నా ముందు తెలిసేది మనకే. మనం రుయా ఆస్పత్రిలో వారం పడుకుని వచ్చిన సంగతి మాత్రం వాళ్లకు తెలీదు, ఆ కాలమ్ ఏ ఫారంలోనూ లేదు మరి. దర్శనమయ్యాక "బాగా జరిగింది మామా, బండికి టైమైంది" అని రేణిగుంట స్టేషన్ నుంచి ఫోను. లడ్డూ కూడా ఇవ్వరు. తిరుపతోళ్లకు లడ్డూ కరువా?

ప్రతి ఆరుగురిలో ఒకరిది ఒంటరితనమేనని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2025లో చెప్పింది. ఇక్కడ లెక్క వేరు. ఆరుగురూ కలిసే కొండెక్కుతారు, ఒంటరివాడు కింద ఉన్న ఏడోవాడు.

ముదిరిన దశ ఇంకొకటుంది. ఎప్పుడో ఒకసారి, ఏ పనీ లేకుండా, ఊరికే మాట్లాడదామని పాత స్నేహితుడెవరో ఫోను చేస్తాడు. మనవాడు అలవాటు కొద్దీ "ఎంతమంది? ఏ తేదీకి?" అనేస్తాడు. అవతల కాసేపు మాటుండదు. ఆ తర్వాత మొహమాటంగా, "ఆ... అదే... వచ్చే నెల్లో ఏమన్నా ఉంటే చూడప్పా" అంటాడు.

"చూస్తా."