పిలిస్తే పలకలేదని కొట్టేస్తారా?

బంట్రోతు గుమ్మంలో నిలబడి పేరు పిలుస్తాడు. ఆ సమయానికి వకీలు పై అంతస్తులో మరో కేసు వాదిస్తుంటాడు. 'అప్పీలుదారు తరఫున ఎవరూ లేరు, కొట్టివేయడమైనది' అన్న ఒక్క ముక్కతో ఏళ్ల తరబడి నడిచిన వ్యాజ్యం ముగిసిపోతుంది. ఇలాంటి ఉత్తర్వులతో పెండింగు కేసులు తగ్గాయంటే సంతోషించడం మా వల్ల కాదు.

కింది కోర్టు తీర్పు అమలు కాకుండా స్టే తెచ్చుకుని ముఖం చాటేసే అప్పీలుదారులు లేకపోలేదు. వాళ్ల వల్ల అక్కడ గెలిచి డిక్రీ పొందినవారు నలిగిపోతున్న మాటా నిజమే. అలాంటి వారికి స్టే ఎత్తేయండి, ఖర్చులు వడ్డించండి. మా అభ్యంతరం అక్కడ కాదు.

గైర్హాజరీకి శిక్ష అందరికీ ఒకటేనా? జడ్జి సెలవు పెడితే వాయిదా. జడ్జి పోస్టు ఖాళీ అయితే వాయిదాల మీద వాయిదాలు. ప్రభుత్వ న్యాయవాది 'శాఖ నుంచి సూచనలు రాలేదు' అంటే మళ్లీ వాయిదా. కక్షిదారు ఒక్క పూట కనబడకపోతే మాత్రం కేసే ఉండదు!

సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డర్ 17వ రూల్ 'కొట్టివేయవచ్చు' అంటుందే తప్ప కొట్టేసి తీరాలనదు. పునరుద్ధరణకు 19వ రూల్ ఉంది కదా అంటారు. ఉంది. గడువు 30 రోజులు, అదీ కొట్టేసిన తేదీ నుంచి. చాలామందికి సంగతి తెలిసేది డిక్రీ అమలుకు కోర్టు అమీను ఇంటికొచ్చినప్పుడే. అప్పుడిక పునరుద్ధరణకొక పిటిషన్, ఆలస్యం మన్నించమని ఇంకొకటి, ప్రతి రోజుకూ సంజాయిషీ. ఆలస్యానికి ఫైలు కదల్లేదన్న సాకు చెల్లదని 2012లో సుప్రీంకోర్టు తపాలా శాఖకు తేల్చి చెప్పింది. అయినా ప్రభుత్వ శాఖలు అదే కథ మోసుకొస్తూనే ఉన్నాయి, చాలా కోర్టులు వింటూనే ఉన్నాయి.

1981లో రఫీక్ కేసులో వకీలు రాలేదని హైకోర్టు అప్పీలు కొట్టేస్తే, సుప్రీంకోర్టు దాన్ని తిరిగి నిలబెట్టింది. తన వంతు అంతా చేసిన కక్షిదారు వకీలు తప్పుకు ఎందుకు నష్టపోవాలని నిలదీసింది. ఖర్చుల కింద 200 రూపాయలు ఆ రాని వకీలు నుంచే వసూలు చేయమంది. క్రిమినల్ అప్పీలునైతే గైర్హాజరీ పేరుతో కొట్టేయడానికే వీల్లేదని, రికార్డు చూసి తేల్చాలని 1996లో బనీ సింగ్ కేసులో తీర్పిచ్చింది. జైలు దగ్గర ఉన్న ఈ జాగ్రత్త, ఇల్లూ పొలమూ పోయేచోట అక్కర్లేదా?

కొట్టేసే ముందు కక్షిదారుకు నేరుగా ఒక నోటీసు పంపండి. వాయిదా తేదీలను ఫోన్లకు పంపే ఏర్పాటు కోర్టులకు ఎలాగూ ఉంది. అదీ చేయకుండా, ఒక్క మాటా వినని అప్పీలును పరిష్కరించిన కేసుల ఖాతాలో రాసుకోవడానికి చేతులెలా వస్తున్నాయి?