డెడికేషన్ స్లైడ్‌కి మీకు రాడ్‌బోర్నే దొరికాడా సార్?

ఇప్పుడే టీమ్ కాల్ అయింది. మైక్ ఆఫ్ అయిందో లేదో కూడా చూసుకోకుండా నోటికొచ్చింది అనేశాను. మా ఆవిడ వచ్చి గది తలుపు వేసి వెళ్ళింది.

విషయం చిన్నదే. మా పెద్ద సార్ "డెడికేషన్" అని ఒక స్లైడ్ వేశారు. పాతకాలం ఫోటో, గుబురు మీసాలు. చార్లీ రాడ్‌బోర్న్. అమెరికాలో బేస్‌బాల్ పిచ్చర్, అంటే మనకి బౌలర్ లాంటివాడు అనుకోండి. జట్టు గెలిస్తే ఆ గెలుపు పిచ్చర్ ఖాతాలో రాస్తారు. కింద పెద్ద అక్షరాలు: "1884లో ఒకే సీజన్‌లో 60 విజయాలు. సెలవు అడగలేదు. సాకు చెప్పలేదు."

సెలవు అడగలేదట! ఆ సీజన్ మధ్యలో ఆయన్ని సస్పెండ్ చేశారండీ! ఆ ముక్క మాత్రం స్లైడ్‌లో పట్టలేదు పాపం.

ప్రాజెక్టు పని మీద రెండేళ్ళు బోస్టన్‌లో ఉన్నప్పుడు నాకీ బేస్‌బాల్ పిచ్చి అంటుకుంది. రాడ్‌బోర్న్ ఆడిన ప్రావిడెన్స్ అక్కడికి గంట ప్రయాణం. అందుకే ఊరుకోలేకపోతున్నాను. ఎవరికీ తెలియని మనిషి కదా, ఏం చెప్పినా చెల్లుతుందని మా సార్ అనుకున్నారు. నాకు తెలుసు సార్.

జరిగింది ఇదీ. ప్రావిడెన్స్ గ్రేస్ జట్టులో ఇద్దరు పిచ్చర్లు. ఒకడు రాడ్‌బోర్న్, రెండోవాడు కుర్రాడు చార్లీ స్వీనీ. జూన్‌లో స్వీనీ బోస్టన్ మీద ఒక్క మ్యాచ్‌లో 19 మందిని స్ట్రైకౌట్ చేశాడు, అంటే బంతిని కొట్టనివ్వకుండానే ఔట్ చేశాడన్నమాట. అందరూ ఆ కుర్రాడి చుట్టూ చేరేసరికి మనవాడికి మండింది. జూలైలో కావాలనే చెత్తగా ఆడాడని సస్పెండ్ చేశారు. జూలై 22న స్వీనీ తాగి ఉన్నాడు. మేనేజర్ బాన్‌క్రాఫ్ట్ బంతి ఇంకొకడికి ఇచ్చి, నువ్వు ఫీల్డింగ్‌కి వెళ్ళు అన్నాడు. స్వీనీ మైదానం వదిలి వెళ్ళిపోయాడు. దెబ్బ తగిలితే తప్ప బదులు మనిషిని దింపే రూల్ ఆ రోజుల్లో లేదు. ఎనిమిది మందితో ఆడి, చేతిలో ఉన్న మ్యాచ్ పోగొట్టుకున్నారు. స్వీనీగారేమో హాయిగా సెయింట్ లూయిస్ జట్టులో చేరిపోయాడు.

అప్పుడు గుర్తొచ్చాడు రాడ్‌బోర్న్. సస్పెండ్ చేసినవాళ్ళే కబురు పెట్టారు. ఆయనేమన్నా "జట్టు కోసం ప్రాణమిస్తా" అని పరుగెత్తుకొచ్చాడా? లేదు. మిగతా సీజన్ నేనే వేస్తాను, జీతం పెంచండి, సీజన్ అయ్యాక నన్ను వదిలెయ్యండి అన్నాడు. వదిలెయ్యడం అంటే చిన్న విషయం కాదు. అప్పట్లో రిజర్వ్ క్లాజ్ అని ఒకటుండేది. జట్టు తనంతట తాను వదిలితే తప్ప ఆటగాడు ఇంకో చోటికి పోలేడు. మన కంపెనీల బాండ్‌కి ముత్తాత అన్నమాట. అది 1975 దాకా నడిచింది. ఆ ముత్తాత మెడలు వంచి మరీ బంతి పట్టుకున్నాడు రాడ్‌బోర్న్. ఇది డెడికేషనా, బేరమా? నేనైతే బేరమే అంటాను, భలే బేరం అంటాను.

ఇక వేశాడు చూడండి. దాదాపు రోజూ ఆయనే. 73 మ్యాచ్‌లు మొదలుపెట్టి 73 తానే పూర్తి చేశాడు. 678 ఇన్నింగ్స్ (బేస్‌బాల్‌లో మ్యాచ్‌కి మామూలుగా తొమ్మిది). ఇప్పుడు ఏడాదికి 200 వేస్తే గొప్ప. లీగ్ గెలిచి, అక్టోబర్‌లో ఇంకో లీగ్ గెలిచిన న్యూయార్క్ మెట్రోపాలిటన్స్‌తో మూడు మ్యాచ్‌లూ గెలిచారు. ఆ మూడూ కూడా ఈయనే వేశాడు. పొద్దున లేస్తే చెయ్యి పైకి లేవక తల దువ్వుకోలేకపోయేవాడని చెబుతారు. తల దువ్వుకోలేని మనిషి! ఈ ముక్కకి స్లైడ్ లేదా సార్?

ఇప్పుడు కామెంట్లలో దిగుతారు: "బుమ్రాకి రెస్టా? మన సిరాజ్‌ని చూడు, ఇంగ్లండ్‌లో ఐదు టెస్టులూ ఆడాడు." సిరాజ్ మన హైదరాబాద్ వాడు, నాకూ ప్రాణమే. కానీ ఒకడు ఐదు ఆడాడని పక్కవాడి వెన్ను మీద కర్ర పెట్టి అదిలించడం ఏమిటి? ఆ వెన్ను మీ సొంతమా?

సరే, నా మంట అసలు ఎక్కడిదో మా టీమ్ వాళ్ళకి తెలుసు. మాకూ ఒక స్వీనీ ఉండేవాడు. రిలీజ్ ముందు వారం పేపర్ వేసి పోయాడు. తాగి కాదు, లింక్డిన్‌లో పెద్ద పోస్ట్ రాసి పోయాడు. "కొన్నాళ్ళు నువ్వు చూసుకో" అన్నారు నాతో. ఆ కొన్నాళ్ళు ఎనిమిది నెలలు. సంక్రాంతికి ఊరెళ్ళి అత్తగారింటి డాబా మీద లాప్‌టాప్ పెట్టుకుని కూర్చున్నాను, కింద అందరూ అరిసెలు తింటున్నారు. ఏడాది చివర ఏమిచ్చారు? "ఓనర్‌షిప్" అని ఒక సర్టిఫికెట్. అదీ పేరులో తప్పుతో. జీతం మాటెత్తితే మార్కెట్ బాలేదన్నారు. 1884లో మాంసం కొట్టువాడి కొడుకు రాడ్‌బోర్న్ అడిగి పుచ్చుకున్నది నేను అడగలేకపోయాను. నా తప్పే, ఒప్పుకుంటా. కానీ అదే మనిషి ఫోటో నాకే చూపించి, చూసి నేర్చుకో అంటారా?

పైగా ఆ లెక్క కూడా తప్పు. 60 కాదు, 59. ఒక మ్యాచ్‌లో మొదటి ఐదు ఇన్నింగ్స్ మిల్లర్ అనేవాడు వేసి, జట్టు ఆధిక్యంలో ఉండగా బంతి వదిలేశాడు, మిగతావి రాడ్‌బోర్న్ వేశాడు. అప్పటి స్కోరర్ గెలుపు ఈయన ఖాతాలో రాశాడు. ఇప్పటి రూల్ ప్రకారం అది మిల్లర్‌ది. అంటే 60 అని రాయడం కూడా ఇంకొకడి పనిని పెద్దవాడి పేరున వేసుకోవడమే. మా ఆఫీసులో ఆ విద్య తెలియనివాడు లేడు లెండి.

అంతసేపూ కుతకుతలాడి, చివరికి చాట్‌లో నేను రాసింది ఇంతే: "సార్, 60 కాదు, 59." ఆయన బొటనవేలు ఎమోజీ పెట్టారు. "డీటెయిల్స్ కన్నా స్పిరిట్ ముఖ్యం" అన్నారు.

ఇదే స్లైడ్ వచ్చే వారం వైజాగ్ టీమ్‌కి కూడా వేస్తారట. అక్కడి ఫ్రెండ్‌కి ఇప్పుడే ఇంకో ఫోటో పంపాను, ఫైల్ మార్చగలిగితే మార్చమని. 1886లో బోస్టన్, న్యూయార్క్ జట్లు కలిసి దిగింది. వెనక వరుసలో ఎడమ చివర రాడ్‌బోర్నే. కెమెరాకి ఏ వేలు చూపిస్తున్నాడో జూమ్ చేసి చూడండి. బొటనవేలు మాత్రం కాదు.