మస్టరులో పేరున్నది, మనిషి లేడు

పాలమూరులో పుట్టినవాడికి తవ్వకం గురించి ఎవరూ పాఠం చెప్పనక్కరలేదు. ఐస్‌లాండు వారు 2003లో విడుదల చేసిన ఈవ్ ఆన్‌లైన్ అనే అంతరిక్ష కంప్యూటర్ ఆటలో గ్రహశకలాలను తవ్వి, వెల్డ్‌స్పార్ అనే ఖనిజం అమ్ముకుని బతకవచ్చునని తెలిసినప్పుడు, తట్టా పారా లేకుండానే నేనూ అంతరిక్షానికి వలసపోయాను.

అక్కడి తోటి కూలీల క్రమశిక్షణ చూసి తీరవలసిందే. బీడీ విరామం లేదు, అలసట లేదు. మన సాయంత్రం 4:30కు సర్వరును రోజువారీగా ఆపినప్పుడు తప్ప వారికి విశ్రాంతి లేదు. అయితే ఆ చోట ఎవరెవరున్నారో చూపే లోకల్ జాబితాలో నా పేరు కనబడిన మరుక్షణమే వారి పద్నాలుగు ఓడలూ, పోలీసు జీపును చూసిన పేకాటరాయుళ్ల వలె, ఒక్కసారిగా అంతరిక్ష స్టేషనులో దూరాయి. ఆ చోటికి దారైన గేటు దాటి నేను వెళితే అవి బయటికి, తిరిగి వస్తే లోపలికి. ఆ సాయంత్రమంతా డ్రిల్లు మాస్టారు వలె వాటిచేత గుంజీళ్లు తీయించాను. ఒక్కడైనా తిట్టి ఉంటే ఎంత సంతోషించేవాడినో! మనిషి ఉన్నాడని తెలిసేది.

ఉపాధి హామీలో దొంగ మస్టరు రాస్తే గొంతు చించుకునే మనం, అదే పనిని మనిషికి బదులు ఆడే ప్రోగ్రాముతో చేయించి బాట్ అని పేరు పెడితే టెక్నాలజీ అంటున్నాము. 2009లో కంపెనీ ఒక్క ఊపున 6,000కు పైగా ఖాతాలను పీకివేసింది. వయ్యారిభామ మొక్కల వలె అవి మళ్లీ మొలిచాయి. ఇక కంపెనీతో సంబంధం లేకుండా బయటివారు ఆటను నడిపే ప్రైవేటు సర్వర్ల సంగతి: 2011లో మూతపడిన స్టార్ వార్స్ గెలాక్సీస్ ఆటను అభిమానులు బతికించుకుంటే కాదనను గాని, బతికున్న ఆటకే దొంగ నకలు తెరిచి, మొదటిరోజే దోసిళ్లకొద్దీ సంపద పోసి, ఆపై ‘విరాళాలు’ దండుకునే దాతలకు దూరం నుంచే దండం.

ఈవ్ సంతలో ధర పలికేది ఆటగాళ్లే; సరుకు పోటెత్తితే ధర పడుతుందని బాదేపల్లి యార్డులో పల్లికాయ అమ్మిన ప్రతి రైతుకూ తెలుసు. మా మేనల్లుడు పెద్ద ఓడ కొనాలని వేసవి సెలవులన్నీ చేత్తో తవ్వి పోగేసిన ఖనిజం, వాడి కళ్లముందే చవకైపోయింది. మా వీధిలోనే బాట్లు నడిపే ఘనుడొకడు “అంకుల్, ఇంకా చేత్తోనే తవ్వుతున్నారా?” అని జాలిపడ్డాడు. ఔను నాయనా, చేత్తోనే! నీ తాత కాలువ మట్టి మోసింది కూడా చేతులతోనే. పిల్లవాడి కష్టాన్ని నిద్రపోతూ దోచుకోవడం తెలివి కాదు, దొంగతనం, సిగ్గుండాలి!

మేనల్లుడు తవ్వకం మానుకున్నాడు. ఇప్పుడు రోజూ గేటు దగ్గర నిలబడి ఆ పద్నాలుగింటి చేత గుంజీళ్లు తీయిస్తున్నాడు.