చిలకాకుపచ్చ జాకెట్ ముక్క చలామణి

నాణేలు ముద్రించే టంకశాలను 1997లో సైఫాబాద్ నుంచి చర్లపల్లికి మార్చారు. ఎక్కడికి మార్చినా హైదరాబాద్ ఆడవాళ్ల అసలు కరెన్సీ అక్కడ తయారు కాదు. సికింద్రాబాద్ జనరల్ బజార్‌లో తానులోంచి చిరుగుతుంది. దాన్నే జాకెట్ ముక్క అంటారు. పేరుకు మీటరు, కొలిస్తే 80 సెంటీమీటర్లు. ద్రవ్యోల్బణం ఎవర్నీ వదల్లేదు.

వరలక్ష్మీ వ్రతం రోజు సాయంత్రం మా ఆవిడ అయిదిళ్లు తిరిగి, నానబెట్టిన శనగలు, అరటిపళ్లు, తమలపాకులు, అయిదు ముక్కలతో ఇల్లు చేరుతుంది. శనగలు రాత్రికే తాలింపు. ముక్కలు మాత్రం అమ్మ బీరువాలో డిపాజిట్. వాటిని కుట్టించుకుందామన్న దుర్బుద్ధి మా ఇంట్లో ఇంతవరకూ ఎవరికీ పుట్టలేదు. లైనింగ్ వేసి కుట్టడానికి టైలర్ అడిగే డబ్బుకి ఇలాంటివి బోలెడొస్తాయి. అయినా నోటు చించి ఎవరైనా పొట్లం కట్టుకుంటారా?

అమ్మకి లెడ్జర్ లేదు. ఏ ముక్క ఎవరిచ్చారో, ఎవరికి ఇవ్వకూడదో నోటికే చెబుతుంది. "ఆ మెరూన్‌ది మీ కూకట్‌పల్లి వదిన పెట్టింది. మళ్లీ ఆవిడకే పెట్టేవు! ఆవిడ తోడికోడలికీ వద్దు, ఈ మధ్య ఇద్దరూ మాట్లాడుకుంటున్నారు." మాట్లాడుకోని రోజుల్లో అయితే పర్వాలేదన్నమాట. ఇంత పకడ్బందీ కేవైసీ నేను ఏ బ్యాంకులోనూ చూడలేదు.

ఇక మన చిలకాకుపచ్చది. మూడేళ్ల కిందట మా ఇంటి నుంచే బయల్దేరింది. వాయనం ఇస్తున్నప్పుడు మా ఆవిడ పసుపు బొటనవేలు ఓ మూల అంటుకుంది. మొన్న శ్రావణంలో మల్కాజిగిరి పిన్ని బొట్టు పెట్టి ఇచ్చిన కవర్లోంచి అదే ముద్రతో బయటపడింది. మడత దగ్గర గీత తెల్లబడింది. అంచున రెండు కుంకుమ మరకలు, పాస్‌పోర్టు మీద స్టాంపుల్లా. అమ్మ కళ్లజోడు పెట్టుకుని లైటు కింద అటూ ఇటూ తిప్పింది.

"మనదే" అంది. రంగు వెలవనందుకు మురిసిపోయింది కూడా.

నిన్న మా ఎనిమిదేళ్ల పాప దాన్ని కత్తిరించి బొమ్మకి లంగా చేసింది.

ఇంట్లో ఫ్యాను చప్పుడు తప్ప మరోటి లేదు. అమ్మ రెండు పీలికల్నీ పక్కపక్కన పెట్టి చాలాసేపు చూసి, మా ఆవిడ వైపు తిరిగింది.

"దిల్‌సుఖ్‌నగర్ వాళ్ల గృహప్రవేశం ఎల్లుండే కదే!"