పాపారాయుడి గుర్రానికి దాహమేసింది

గత ఆదివారం బొబ్బిలి నుంచి రాజాం వెళ్ళే బస్సులో కిటికీ పక్కన కూర్చున్న పాపానికి, ఈ నెలలో మూడో బోర్డు నా కంట పడింది. "తాండ్ర పాపారాయుడు బొబ్బిలి యుద్ధమునకు వెళ్ళుచూ తన అశ్వమునకు నీరు త్రాగించిన పుణ్యస్థలము." మొదటి రెండు బోర్డులూ ఈ దారిలోనివే, ఈ గుర్రానివే. ఈసారి మాత్రం గుర్రం జీను కింది గుడ్డ మీద నాలుగో నంబరు ఉంది. ఎక్కడి పందేల గుర్రం బొమ్మనో తెచ్చి, మన వీరుణ్ణి దాని మీదికెక్కించి ఫ్లెక్సీ వేయించారు. చుట్టూ గుండ్రటి గీతల్లో పదిహేడుమంది దాతల తలకాయలు, ఒక్కొక్కటీ పాపారాయుడి తలకు రెండింతలు.

ఉండబట్టలేక దిగాను. బోర్డు పక్కనే టీ కొట్టు.

"ఈ సంగతి ఎవరు చెప్పారు బాబూ?"

"మా తాత చెప్పేవాడండి. ఆయన బుర్రకథలో విన్నాడు."

"బుర్రకథలో మీ ఊరి పేరు ఉందా?"

"ఊరి పేరు లేదండి, గుర్రం ఉంది." అల్లం దంచుతున్న చెయ్యి ఆపి నన్ను జాలిగా చూశాడు. "గుర్రమన్నాక దాహం వెయ్యదా? దాహమేస్తే మా బావి ఉండగా వేరే ఊరు ఎందుకు వెళ్తుంది?"

నాకు అక్కడికక్కడే జ్ఞానోదయమైంది. ఇన్నాళ్ళూ చరిత్ర అంటే శాసనాలు, పాత లెక్కల కవిలెలు, ఊళ్ళ చరిత్రలు రాసిన కైఫీయతులు అనుకుని కళ్ళు పాడుచేసుకున్న నాకు అల్లం టీ సాక్షిగా దొరికిన ఈ సూత్రానికి 'తొట్టి సిద్ధాంతం' అని పేరు పెట్టాను. కథలో ఎక్కడ ఖాళీ ఉంటే అక్కడ ఒక ఊరు నీళ్ళ తొట్టి పెడుతుంది. తొట్టి పక్కన బోర్డు లేస్తుంది. బోర్డు ఫోటో ఒక కరపత్రంలోకి, కరపత్రం ఒక పరిశోధన వ్యాసంలోకి, వ్యాసం రెండు మార్కుల ప్రశ్నలోకి ఎక్కుతుంది. ఆ తరవాత కాదన్నవాడు జాతిద్రోహి.

ఈ సిద్ధాంతం వల్ల ఒక పాత చిక్కుముడి కూడా విడిపోయింది. 1757 జనవరి 24న ఫ్రెంచివాళ్ళూ విజయనగరం రాజూ మీదపడి బొబ్బిలి కోట కూలుతుంటే, బొబ్బిలి సేనాని పాపారాయుడు రాజాంలోనే ఎందుకు ఉండిపోయాడు, అంతా అయిపోయాక ఎందుకు చేరుకున్నాడు? కబురు అందలేదని కథలు చెబుతాయి. అదంతా అబద్ధం. నేను లెక్కపెట్టినంతలో ఆ దారిలో గుర్రం ఐదు చోట్ల నీళ్ళు తాగింది. అన్ని నీళ్ళు తాగిన గుర్రం పరుగెత్తుతుందా? అది నడిచి రావడమే గొప్ప.

రాబర్టు ఆర్మ్ అని ఈస్టిండియా కంపెనీ ఉద్యోగి ఒకాయన ఈ యుద్ధాన్ని వివరంగా రాసి లండన్‌లో అచ్చు వేయించాడు. తెల్లవారుతూనే ఫిరంగులు మొదలైన సంగతి రాశాడు, గుర్రం నీళ్ళ సంగతి మింగేశాడు. ఇది తెల్లవాడి కుట్ర కాక మరేమిటని అక్కడి ఉత్సవ కమిటీవారు నన్ను నిలదీశారు.

కమిటీ అన్నాను కదా. టీ తాగుతుండగానే వాళ్ళు నన్ను సమావేశానికి లాక్కుపోయారు. పక్క ఊరివాళ్ళు కూడా వచ్చారు, వాళ్ళకూ ఒక బావి ఉంది. గుర్రం మా బావిలోనే తాగిందని వీళ్ళు, మా నీళ్ళు తియ్యగా ఉంటాయి కాబట్టి మా దగ్గరే తాగిందని వాళ్ళు. గంటసేపు కేకలయ్యాక ఒక పెద్దాయన రాజీ చెప్పాడు: వెళ్ళేటప్పుడు ఇక్కడ, వచ్చేటప్పుడు అక్కడ. అందరూ చప్పట్లు కొట్టారు. వెనక బెంచీలో రిటైరైన మాస్టారొకాయన లేచి, "పాపారాయుడు తిరిగి రాలేదండీ. విజయనగరం రాజు విజయరామరాజుగారిని గుడారంలో పొడిచి, అక్కడే తానూ చచ్చిపోయాడు" అన్నారు. సభలో నిశ్శబ్దం. పెద్దాయన తడుముకోలేదు. "ఆయన రాలేదు. గుర్రం వచ్చింది." యజమానిని పోగొట్టుకున్న గుర్రం, కన్నీళ్ళతో, దాహంతో, ఒంటరిగా... పక్క ఊరివాళ్ళలో ఇద్దరు కళ్ళు తుడుచుకున్నారు. తీర్మానం ఏకగ్రీవం. మాస్టారికి శాలువా కప్పారు. మన జిల్లాలో నోరు మూయించడానికి శాలువాను మించిన వస్త్రం ఇంకా నేయలేదు.

ముఖలింగం గుడి గోడల మీద రాతలేమిటో తెలుసుకోవాలని గిడుగు రామమూర్తిగారు ఆ పాత లిపులు తనకు తానే నేర్చుకున్నారు. పాపం, అంత శ్రమ ఎందుకు పడ్డారో! రాయి మీద ఉన్నది చదవడం కష్టం కానీ, మనకు కావలసింది రాయి చేత చెప్పించడానికి ఒక పెయింటరు చాలు.

నేను విజయనగరం వాణ్ణి. మా రాజు ప్రతి జాతరలోనూ గుడారంలో పొడిపించుకుంటుంటే వేరుశనక్కాయలు తింటూ చూసి పెరిగినవాణ్ణి. కాబట్టి నాకు ఏ పక్షం మీదా పట్టింపు లేదు. గుర్రం మీద అంతకన్నా లేదు.

కానీ ఆ సభలో ఎవరూ ఎత్తని మాట ఒకటుంది. కోట నిలవదని తేలాక లోపలి మగవాళ్ళు తమ ఇళ్ళకు తామే నిప్పు పెట్టారు. మంటల్లోంచి బయటికి రాబోయిన ఆడవాళ్ళను, పిల్లలను తామే పొడిచారు. ఆర్మ్ రాసింది ఇదే. మన కథలు దీన్ని ఒక దరువులో దాటించేసి 'వీరమరణం' అంటాయి, పక్క వంతలు 'తందాన తాన' అంటాయి. నాలుగేళ్ళ పిల్లకు వీరమరణమా? ఆ పిల్లను ఎవరైనా అడిగారా? పౌరుషం అంటే ఏమిటో ఆ పిల్లకు తెలుసా? కన్నతండ్రి కత్తి పట్టుకుని గుమ్మంలో నిలబడితే వెనక మంటలోకి పోవాలో, ముందు కత్తి మీదికి పోవాలో తెలియక ఏడ్చిన పిల్లలు వాళ్ళు. ఒక్కరి పేరూ మనకు తెలియదు. ఒక్క పసివాడు ప్రాణాలతో బయటికి వచ్చాడు, బొబ్బిలి రాజు రంగారావు కొడుకు. దొర బిడ్డ కాబట్టి పుస్తకానికెక్కాడు. చెయ్యి పట్టుకుని తీసుకొచ్చిన ముసలాయన ముసలాయనగానే మిగిలాడు.

అసలు గొడవేమిటి? ఇద్దరు జమీందార్ల పొలిమేర తగాదా, మధ్యలో పేష్కషు, అంటే కప్పం, వసూలుకు వచ్చిన ఫ్రెంచి సేనాని బుస్సీ. ఆ పేష్కషు ఎవరి గాదెల్లోంచి పోయింది? ఈ టీ కొట్టువాడి తాతల తాతల గాదెల్లోంచి. పదేళ్ళు తిరక్కుండా, 1766లో నిజాం రాసిచ్చిన ఒప్పందంతో, ఉత్తర సర్కార్లే, అంటే మన కోస్తా జిల్లాలే, కంపెనీ చేతికి పోయాయి. మాడి చచ్చినవాళ్ళ ఊసెత్తేవాడు లేడు, మనం గుర్రానికి ఐదో తొట్టి కడుతున్నాం! సిగ్గుండాలి.

ఈ మాటలు ఆ సభలో అన్నాను. నాకూ శాలువా కప్పారు.

నిన్న రాత్రి కమిటీ కార్యదర్శి ఫోను చేశాడు. గుర్రానికి విగ్రహం పెడుతున్నారట, దానికొక పేరు కావాలట. "మీరు చదువుకున్నవారు కదండీ, ఏదైనా సంస్కృతంలో చెప్పండి. తొమ్మిదింటికి ఫ్లెక్సీ కొట్టు కట్టేస్తారు."