మహారాజశ్రీ మూడు చుక్కల గారికి

ఉభయకుశలోపరి. తమరు 1901 డిసెంబర్ 12 మధ్యాహ్నం ఇంగ్లండులోని పోల్దు వైర్‌లెస్ కేంద్రం నుంచి రేడియో తరంగాలపై బయలుదేరి, అట్లాంటిక్ దాటి, సుమారు 3,500 కిలోమీటర్ల అవతల న్యూఫౌండ్‌లాండ్‌లోని సిగ్నల్ హిల్‌పై గూలియెల్మో మార్కోని చెవిలో దిగారని చరిత్ర. చుక్కలూ గీతలతో సాగే మోర్స్ తంతి లిపిలో ‘ఎస్’ అక్షరం తమరు. ప్రయాణం ఎలా సాగిందో గానీ, రాకకు సాక్షులు మాత్రం ఇద్దరే. ఒకరు కంపెనీ పెట్టిన మార్కోని, రెండోవారు ఆయన దగ్గర జీతానికి పనిచేసే జార్జ్ కెంప్.

తమకోసం మార్కోని పడని పాట్లు లేవు. సెప్టెంబరులో పోల్దు ఏరియల్ స్తంభాలు గాలివానకు కూలాయి. సిగ్నల్ హిల్‌పై ఏరియల్ తీగను పైకెత్తే బెలూను తెంచుకుపోయింది. చివరికి గాలిపటానికి తీగ కట్టి ఎగరేశారు. చుక్కల్ని కాగితంపై గుర్తించే యంత్రం ఉన్నా, దాన్ని పక్కనబెట్టి టెలిఫోను రిసీవరును చెవికి ఆనించుకున్నారు. చెవి ఎక్కువ సున్నితమట. నిజమే, యంత్రానికి వాటాదారుల బెంగ తెలియదు కదా! (ఆ రిసీవరుకు తగిలించినది పాదరసపు కోహిరర్, అంటే రేడియో తరంగాలను పసిగట్టే పరికరం. అలాంటి ఇనుము–పాదరసం పరికరాన్ని 1899లోనే కలకత్తా ఆచార్యుడు జగదీశ్ చంద్ర బోస్ వివరించారు. ఆ ఊసు తర్వాత ఎప్పుడైనా మాట్లాడుకుందాం.)

నా సందేహం ఒక్కటే. ఆకాశంలోని విద్యుత్తు కూడా చెవిలో టిక్కు టిక్కుమనే అంటుంది. వినాలని తహతహలాడేవాడికి అందులో మూడు ఏరుకోవడం ఎంత పని? రెండు నెలల తర్వాత ఫిలడెల్ఫియా ఓడలో కాగితపు టేపు పెట్టి మరీ పరీక్షించారు. రాత్రివేళ తమరు 2,000 మైళ్లు దాటి వచ్చారు. పగలేమో 700 మైళ్లకే చతికిలబడ్డారు. ఎండ పొడలో ఆకాశపు పైపొరలు ఆ తరంగాలను మింగేస్తాయని తర్వాతివాళ్లు తేల్చారు. మరి ఆ డిసెంబర్ మధ్యాహ్నం సూర్యుడికి ఏం ముట్టజెప్పారు?

మార్కోనిని తీసిపారేయడం నా ఉద్దేశం కాదు. 1897లో, 23 ఏళ్ల వయసులో కంపెనీ పెట్టిన మనిషి ఆయన. 1907 నాటికి సముద్రం మీదుగా నిజంగానే వార్తల వ్యాపారం నడిపాడు. 1909లో జర్మన్ శాస్త్రవేత్త ఫెర్డినాండ్ బ్రౌన్‌తో కలిసి నోబెల్ అందుకున్నాడు. ఓడల్లో తన మనుషులను కూర్చోబెట్టి, పరాయి కంపెనీ యంత్రం పలకరిస్తే బదులివ్వవద్దన్నాడు. గాలికి కూడా గుమ్మం కట్టి కాపలా పెట్టగల మేధ అది! అంతటివాడి చెవిని శంకించడానికి మనమెంత?

పైగా తమ ఉనికికి గట్టి సాక్ష్యం శత్రువే ఇచ్చాడు. అప్పటికింకా కెనడాలో చేరని న్యూఫౌండ్‌లాండ్‌లో టెలిగ్రాఫు గుత్త తమదేనని, సముద్రంలో తంతి తీగలు నడిపే ఆంగ్లో-అమెరికన్ కంపెనీ కొద్ది రోజుల్లోనే వకీలుచేత నోటీసు పంపింది. మార్కోని పెట్టెలు సర్దుకుని కెనడా చేరితే, అక్కడి ప్రభుత్వం కేంద్రం కట్టుకోమని 80,000 డాలర్లు మంజూరు చేసింది. కాగితంపై ఒక్క చుక్కయినా పడకుండానే ఒకరితో నోటీసు, ఇంకొకరితో చెక్కు రాయించిన తమరు రాలేదని ఏ నోటితో అనను?

ఇట్లు,
పగటిపూట దూరపు స్టేషను పట్టక తంటాలు పడే ఒక మీడియంవేవ్ శ్రోత